విడుదల పొందిన సహోదరుడి ఫ్లెక్సు

ఇది ఒక మహాసంగ్రామ గాథ. ఇందులో మెరుపులున్నాయి, ఆకాశం రెండుగా చీలడం ఉంది, వేలమంది ఎదుట వేదికెక్కి ఒక యోధుడు లోకాన్నంతా ధిక్కరించడం ఉంది.

అంత లేదు. ఇది తలనొప్పి కథ. చీలింది నా తలలో కుడి సగం. వేదికంటే వనపర్తిలో మా చర్చి వెనక షామియానా కింద కలిపి వేసిన నాలుగు బల్లలు. వేలమంది అన్నాను గానీ, చంటిపిల్లల్ని కూర్చోబెట్టినా కుర్చీలు మిగిలాయి.

తలనొప్పి అనే మాట మీద నాకు మొదటి నుంచీ కక్ష. అది వినగానే ప్రతివాడూ వైద్యుడవుతాడు. శొంఠి రాయమంటాడు, ఫోను చూడొద్దంటాడు, తనకూ వస్తుందని, చాయ్ తాగితే పోతుందని అంటాడు. నాకు వచ్చేది చాయ్‌ని తాగిన దారినే బయటికి పంపిస్తుంది. ముందు కుడికంటి అంచున మెరుపు గీతలు వంకరటింకరగా కదులుతాయి. ఆ తర్వాత ఎవరో కణత లోపల తీరిగ్గా కూర్చుని మేకులు కొడతారు. వెలుతురు పడదు, చప్పుడు పడదు, పోపు వాసన పడదు, మనుషులు అసలే పడరు. దానికి డాక్టరు మైగ్రేన్ అని పేరు పెట్టాడు. మా అమ్మ మాత్రం శోధన అంటుంది.

ఇలాంటివాడికి దొరికిన ఉద్యోగం గద్వాలలో ఫ్లెక్సులు ప్రింటు కొట్టే దుకాణంలో. పొద్దున వనపర్తిలో బస్సెక్కితే, బీచుపల్లి వంతెన మీద ఎండ రెయిలింగు సందుల్లోంచి టపటపా కంటికి కొడుతుంది. దిగి దుకాణంలోకి పోతే ఇంకు వాసన. ఆ వాసనకు బొద్దింకలు కూడా మమ్మల్ని వదిలిపోయాయి. కంప్యూటరు ముందు కూర్చుంటే చీరల దుకాణం వాళ్ల జరీ అంచు, అది ఇంకా మెరవాలని వాళ్ల పట్టు. నేసినవాళ్లు కూడా ఆ చీరకు అంత మెరుపు పెట్టి ఉండరు. మా సేటుకు నా జబ్బు మీద ఒకటే అభిప్రాయం: అది పెళ్లిళ్ల సీజనులోనే వస్తుంది. నిజమే. మిషను రోజంతా తిరిగేది అప్పుడే.

నాగర్‌కర్నూల్ దవాఖానకు అమ్మే తీసుకెళ్లింది. చర్చిలో మాత్రం పిన్నిని చూడటానికి పోతున్నామని చెప్పింది. డాక్టరు మాత్రలు రాసి, అన్నిటికంటే ముఖ్యం ఖాళీ కడుపుతో ఉండకపోవడం అని ఆమె వైపు తిరిగి మరీ చెప్పాడు. అమ్మ బుద్ధిగా తల ఊపింది. ఆ వారమే నా తలనొప్పి పోవాలని శుక్రవారం ఉపవాస ప్రార్థన పెట్టించింది.

మా చర్చి పద్ధతి ప్రకారం, ఎవరి కోసం ఉపవాసమో వాళ్లు సాయంత్రం దాకా పచ్చి మంచినీళ్లు కూడా ముట్టకూడదు. మా సేటు నమాజు కోసం శుక్రవారం దుకాణం మూస్తాడు కాబట్టి నాకు తప్పించుకునే దారి లేదు. తలనొప్పి పోవడానికి ఉపవాసం. ఉపవాసం వల్ల మధ్యాహ్నానికి తలనొప్పి. అది వచ్చింది కాబట్టి సైతాను గట్టిగా పట్టుకున్నాడని తేలుతుంది. అందువల్ల వచ్చే శుక్రవారం కూడా ఉపవాసం. ఇంత నున్నగా తిరిగే మిషను మా సేటు దగ్గర కూడా లేదు. వెనక వరస ఆంటీలు నా తల మీద చేతులుంచి, సైతానుకు చెవుడు ఉన్నట్టు అరిచేవాళ్లు. దేవుడి మీద నాకు కోపం లేదు. మెల్లగా చెప్పినా ఆయన వింటాడనే నా నమ్మకం. నా పేచీ అంతా స్పీకర్లతో.

ఇంతలో మా దుకాణం మిషను చెడిపోయింది. బాగుచేసేవాడు హైదరాబాదు నుంచి వస్తున్నా వస్తున్నా అంటూ నెల గడిపాడు. నెలంతా ఇంట్లోనే. బస్సు లేదు, ఇంకు లేదు, శుక్రవారాలు ప్రార్థనకు ముందు ఏదో ఒక వంకతో బజారుకు పోయి ఇడ్లీ తినేవాణ్ణి. తలనొప్పి రాలేదు. కారణం నేను చెప్పేలోపే, కొడుక్కి తగ్గిపోయిందని అమ్మ చర్చి మొత్తానికి చెప్పేసింది.

మిషను బాగయ్యాక వచ్చిన మొదటి ఆర్డరు మా పాస్టరయ్యదే. స్వస్థత సభల ఫ్లెక్సు. ఆయన పంపిన ఫొటోలు తెరిస్తే ఆయన, ఆయన భార్య, ఒక పావురం, నేను. మా అక్క పెళ్లిలో బిర్యానీ నములుతుండగా తీసిన ఫొటో. దాని కింద వేయాల్సిన మాట: 'భయంకరమైన తలనొప్పి నుండి విడుదల పొందిన సహోదరుని సాక్ష్యం.' ఫోను చేసి, ఇంకా మాత్రలు వాడుతున్నానని చెప్పాను. విశ్వాసంతో ముందే ప్రకటించాలని, మిగతాది ప్రభువు చూసుకుంటాడని అన్నారు. అక్షరాలు ఎర్రగా ఉండాలని కూడా అన్నారు. నా విడుదలను నేనే డిజైను చేసి, నేనే ప్రింటు కొట్టి, ఆ వాసనకు తలనొప్పి తెచ్చుకుని, ఫ్లెక్సు చుట్టను ఒళ్లో పెట్టుకుని బస్సులో ఇంటికొచ్చాను.

అమ్మతో గొడవైంది. ఉన్నదున్నట్టు చెప్పనివ్వు, లేదంటే ఫ్లెక్సు మీద నా ముఖానికి కాగితం అంటించనివ్వు అన్నాను. రెండూ కుదరవంది. ఆమె బాధ నాకు తెలియనిది కాదు. కొడుక్కి తగ్గలేదంటే తల్లి ప్రార్థనలోనే లోపముందని వెనక వరస ఆంటీలు గుసగుసలు మొదలుపెడతారు. అరవడంలో కంటే గుసగుసల్లో వాళ్ల సత్తా ఎక్కువ.

"ఒక్కసారి తగ్గిందని చెప్పు కొడుకా. ఏం పోతది నీది?" అంది అమ్మ.

"మాత్ర పోతదే అమ్మా" అన్నాను.

విడుదల పొందానని సాక్ష్యం చెప్పినవాడు మళ్లీ మాత్ర మింగితే విశ్వాసం తప్పినట్టు. అంటే మైకులో ఆ ఒక్క మాట అన్నాక, ప్రతి నొప్పినీ మందు లేకుండా మోయాలి. మోసేది నేను, ఆంటీలు కాదు.

సభ సాయంత్రం. ఆ రోజు కూడా ఉపవాసమే, పైగా అమ్మ బజారుకు పోనివ్వలేదు. వేదిక పక్కన మనిషెత్తు స్పీకర్లు, ఎదురుగా పెళ్లిళ్లకు పెట్టే ఫోకస్ లైట్లు. పాటలు మొదలయ్యేసరికి కుడికంట్లో మెరుపు గీతలు లేచాయి. నన్ను పిలిచారు. నా వెనక బిర్యానీ నములుతున్న నేను, ముందు ఏమీ తినని నేను. మైకు అందుకున్నాను.

"తలనొప్పి తగ్గలె. ఇప్పుడు గూడ ఉన్నది."

"స్తోత్రం" అన్నారు జనం. వాళ్లు అలవాటు మీద ఉన్నారు.

"మాత్రలు ఏస్కుంటున్న. బంద్ జెయ్య."

"ఆమెన్" అన్నారు. ఈసారి సగం మందే.

పాస్టరయ్య చెయ్యి మైకు మీదికొచ్చింది. నేను వదల్లేదు. జర ఆ స్పీకరు తక్కువ చెయ్యండి, అదే నా సాక్ష్యం అన్నాను. మైకు కీచుమంది. ఆ కీచుకు తల పట్టుకుని బల్లల మీదే కూర్చుండిపోయాను. ఎవరూ కదల్లేదు. కీబోర్డాయన మాత్రం తన బాధ్యతగా జాలిపాట అందుకున్నాడు.

అప్పుడు అమ్మ లేచింది. వచ్చి ఒకటి పీకుతుందనుకున్నాను. నేరుగా స్పీకరు దగ్గరికి పోయి వైరు పీకింది. ఆంటీల వైపు తిరిగి, "ఆనికి నొస్తున్నది. కనవడ్తలేదా మీకు" అంది.

కళ్లు తుడుచుకునేంత ఏమీ జరగలేదు. ఇంటికి పోయే దారి పొడుగునా ఆమె నన్ను తిట్టింది. నలుగురిలో పరువు తీశానంది, ఫ్లెక్సులో నా ముఖం కూడా బాగాలేదంది. పాస్టరయ్య ఆదివారం ప్రసంగం అవిశ్వాసం మీద పెట్టి, చివరిదాకా నా వైపే చూస్తూ చెప్పారు. శుక్రవారం ప్రార్థనా ఆగలేదు. కాకపోతే నేను మోకాళ్లూనబోతుంటే అమ్మ సంచిలోంచి టిఫిను డబ్బా తీసి నా ముందు పెట్టింది. వెనక వరస అంతా చూస్తుండగా ఉప్మా తిన్నాను. అందులో ఉప్పు లేదు. ఆ సంగతి మైకులో చెప్పలేదు.

ఫ్లెక్సును చర్చివాళ్లు మా గేటు దగ్గర పడేసి పోయారు. బొమ్మ కిందికి, తెల్ల వైపు పైకి వచ్చేలా మా బాత్రూం రేకుల మీద కప్పాం. ఇప్పుడు వానకు కారడం లేదు. ఒక మూల గాలికి లేస్తోంది, ఇటుక పెట్టాలి.