వెనక నుంచి చూస్తే

కడుపుతో ఉన్న సంగతి వెనక నుంచి చూసేవాళ్ళకి తెలియకూడదని పంతం పట్టే మనిషి లోకంలో ఎవరైనా ఉంటారా అని అడిగితే, సిగ్గుపడుతూనే చెయ్యెత్తుతాను. ముందు నుంచి ఎలాగూ తెలుస్తుంది. దాన్ని ఆపడం నా చేతిలో లేదు. వెనకవైపు మాత్రం నా పూచీ అనుకున్నాను. చదువుకున్నదాన్ని, ఇంట్లో కూర్చుని పిల్లలకి ఆన్‌లైన్లో లెక్కలు చెప్పేదాన్ని. అయినా తొమ్మిది నెలల లెక్కని ఇంత తప్పుగా వేసినవాళ్ళు మా గాజువాకలో మరొకరు ఉండరు.

ఆ పంతాన్ని నా బుర్రలో నాటింది మా ఆయన మేనత్త. సింహాచలం కొండ కింద ఉంటుంది. మా అత్తగారు నా పెళ్ళికి ముందే పోయారు. ఆ లోటు తెలియకుండా చూసుకునే బాధ్యత ఈవిడ తీసుకుంది. నిజంగానే నాకు ఏ లోటూ తెలియలేదు. కడుపని తెలిసిన దగ్గర్నుంచి వారం వారం వీడియో కాల్. పలకరింపు ఒకటే.

“ఏటమ్మా, బాగున్నావా? ఫోను దూరంగా ఎట్టు. పక్కకి తిరుగు, సూద్దాం.”

తిరిగేదాన్ని.

“మా పెద్దకోడలు కడుపుతో ఉన్నప్పుడు ఎనక నుంచి సూత్తే తెలిసీదే కాదు. పురుడైన నెలకి పెళ్ళిసీర జాకెట్టు పట్టీసింది. నువ్వు సూసుకో మరి. మీ గోదారోళ్ళది తిండిపుష్టి కదా.”

ఆవిడ నవ్వేది. నేనూ నవ్వేదాన్ని. ఫోను పెట్టేశాక అద్దం దగ్గరికి వెళ్ళి, మెడ తిప్పగలిగినంత తిప్పి, నా వీపు నేను చూసుకునేదాన్ని. మనిషికి కళ్ళు ముందువైపే ఎందుకున్నాయో ఆ నెలల్లోనే అర్థమైంది. మనశ్శాంతి కోసం.

మాది భీమవరం వైపు. చిన్నప్పుడు బళ్ళో నా పేరు బూరె. ముద్దుకి పిలుస్తున్నారనుకునేదాన్ని. ఆటల పోటీల రోజున పరుగుపందెంలో నిలబడితే వెనక నుంచి “బూరె దొర్లుతోందిరోయ్!” అని కేక వినబడింది. ఆ పందెంలో నేను పూర్తిగా పరిగెత్తాను, ఆఖరిదాన్నే అయినా. కానీ ఆ తర్వాత ఎక్కడ నడిచినా వెనక ఎవరో నిలబడి చూస్తున్నట్టే ఉండేది. కాలేజీ హాస్టల్లో తినకపోవడం నేర్చుకున్నాను. నేను డిస్టింక్షన్‌లో పాసైన సబ్జెక్టు అదొక్కటే. పెళ్ళికి వచ్చిన చిన్ననాటి స్నేహితురాలు నన్ను గుర్తుపట్టక, పెళ్ళికూతురెక్కడ అని నన్నే అడిగింది. ఒంటిమీదున్న నగలన్నిటికంటే ఆ ప్రశ్ననే భద్రంగా దాచుకున్నాను.

మా ఆయన పోర్టులో లారీల కాటా దగ్గర పనిచేస్తాడు. ఖాళీ లారీని తూచడం, సరుకు ఎత్తాక మళ్ళీ తూచడం. ఆ తేడాయే సరుకు. నాకూ అంతే కావాలనిపించేది. లారీ లారీలాగే ఉండాలి, పెరిగినదంతా సరుకే కావాలి. మా మంచం కింద ఒక చిన్న కాటా ఉండేది. ఆయన డ్యూటీకి వెళ్ళగానే దాన్ని బయటికి లాగేదాన్ని. ఆలుమగలం ఇద్దరం ఒకే వేళకి ఒకే పని చేస్తుండేవాళ్ళం. ఆయనకి మాత్రం జీతం వచ్చేది.

వేవిళ్ళ గురించి ఒక్క మాట చెప్పి వదిలేస్తాను. కడుపుతో ఉన్న మనిషికి వాంతైతే ఎవరూ ఎందుకని అడగరు. పైగా నిమ్మకాయ తెచ్చిస్తారు. నాకు వేవిళ్ళు నాలుగో నెలలో ఆగిపోయాయి. వాంతులు మాత్రం నేను ఆపలేదు.

ఎవరికి చెప్పాలి? అమ్మ రోజూ ఫోన్లో “ఏం తిన్నావే?” అనేది. నేను వంటల పేర్లు వరసగా చెప్పేదాన్ని, హోటల్లో సర్వరు చెప్పినట్టు. సర్వరు కూడా వాటిని తినడు కదా. మా ఆయన వచ్చేసరికి అలిసిపోయి ఉండేవాడు. “తిన్నావేటి?” అనేవాడు, “తిన్నాను” అంటే నమ్మేవాడు. లారీ డ్రైవర్ల మాట నమ్మని మనిషి నా మాట నమ్మాడు. మధ్యాహ్నాలు బాల్కనీలో కూర్చుంటే, పొద్దున్న తుడిచిన గచ్చు మీద మళ్ళీ పోర్టు నుంచి వచ్చిన నల్లటి దుమ్ము. వేలితో దాని మీద గీతలు గీస్తూ, కడుపులో బిడ్డ కదిలినప్పుడల్లా ఉలిక్కిపడేదాన్ని. ఇంట్లో ఇద్దరం ఉన్నామన్న సంగతి అప్పుడే గుర్తొచ్చేది. “ఒట్టి మనిషివి కావు, జాగ్రత్త” అని ఊరంతా అంటుంటే, ఒట్టి మనిషిలా కనబడాలని నా తాపత్రయం.

ఇక గిన్నెల సంగతి.

మా బిల్డింగు మూడంతస్తులు. మేం మధ్యలో. కింద పిన్నిగారు ఉంటుంది. మా గోదావరి మనిషే, భర్త స్టీల్ ప్లాంటులో రిటైరయ్యాడు. పైన ఒక అక్క. వాళ్ళాయనకి ఫిషింగ్ హార్బర్‌లో బోటుంది. కడుపుతో ఉన్న పిల్లకి కోరినవి పెడితే పుణ్యమని ఇద్దరి నమ్మకం. కింద నుంచి సున్నుండలు, పనసపొట్టు కూర, పెసరపునుగులు ఎక్కి వచ్చేవి. పై నుంచి చేపల పులుసు, రొయ్యల వేపుడు దిగి వచ్చేవి. మూత తియ్యగానే ముందు ఆకలేసేది, వెంటనే భయమేసేది. ఎప్పుడో ఒక మధ్యాహ్నం ఆకలి గెలిస్తే, వంటగట్టు దగ్గర నిలబడే గిన్నె ఖాళీ చేసి, ఆ సాయంత్రమంతా ఎవరి మొహమూ చూడలేకపోయేదాన్ని. మిగతా రోజులు భయమే గెలిచేది.

ఎవరి గిన్నె వాళ్ళకి ఖాళీగా తిరిగివ్వకూడదు. అది మా పద్ధతి. అందుకని కింది గిన్నెలోది పై గిన్నెలోకి, పై గిన్నెలోది కింది గిన్నెలోకి మార్చి పంపేసేదాన్ని. ఇంత తేలికైన ఉపాయం తట్టినందుకు నన్ను నేనే మెచ్చుకున్నాను. పిన్నిగారు పులుసు మెచ్చుకుంది, అక్క సున్నుండలు మెచ్చుకుంది. నేను గరిట ముట్టకుండానే మా మెట్ల మీద నాకు వంటగత్తెనని పేరొచ్చింది.

ఏడో నెలలో స్కానింగుకి ఒక్కదాన్నే వెళ్ళాను. షేర్ ఆటోలో డ్రైవరు “ఇంకొకరు పడతారు, సర్దుకోండమ్మా” అని నా పక్కన ఇంకొకరిని ఎక్కించాడు. ఇంకా నేను ఒక్కరి చోటే తీసుకుంటున్నానన్నమాట. నిజం చెబుతున్నాను, సంతోషించాను.

డాక్టరమ్మ తెర మీద చాలాసేపు చూసింది. “బిడ్డ ఎదుగుదల నెలకి తగ్గట్టు లేదు. సరిగ్గా తింటున్నావా?”

“తింటున్నానండీ.”

ఆవిడ నా వంక ఇంకొంచెంసేపు చూసింది. “వచ్చేవారం మళ్ళీ రా. ఎవరినైనా తోడు తెచ్చుకో.”

తిరుగు ఆటోలో చోటు చాలానే ఉంది. మూలకి ఒదిగి కూర్చున్నాను. లారీని అలాగే ఉంచాలనుకున్నాను. అలాగే ఉంది. సరుకే లేదు.

ఆ సాయంత్రమే తలుపు దబదబ మోగింది. తీస్తే పిన్నిగారూ అక్కా, ఇద్దరి మధ్యా ఒక స్టీలు గిన్నె.

“ఏటమ్మా, ఈ సున్నుండలు ఎవులు సేసినారు?” అంది అక్క.

నేను నోరు తెరిచేలోగా పిన్నిగారు ఒక ఉండ తీసి చూపించింది. ఆవిడ బొటనవేలు కాస్త వంకర. ఉండ చుట్టాక మీద ఒక నొక్కు పడుతుంది. “నా వేలి గుర్తు నాకు తెలీదుటే? నేను నీకిస్తే నువ్వు ఈవిడకిచ్చావు. పొద్దున్న ఈవిడకి గోంగూర పచ్చడి పంపానా, గిన్నె ఖాళీగా ఇవ్వకూడదని ఇవి పెట్టి పంపింది. అత్తారింటికి పంపిన పిల్ల ఆర్నెల్లకి తిరిగొచ్చినట్టు వచ్చాయి నా సున్నుండలు!”

“నాను మా ఆయన్తో సెప్పీసాను, గోదారి పిల్ల సేతి సున్నుండలంటే ఇలాగుంటాయని. సూడబోతే ఈవిడియా!”

పిన్నిగారికి ఏదో తట్టింది. “అయితే మొన్న నాకు పంపిన పులుసు?”

“ఏ పులుసు? వంజరం సేపలదా? అది నా పులుసు!” అక్క మొహం వాడిపోయింది. “నచ్చనేదని సెప్తే మానేద్దును కదా. బాగోదా ఏటి నా సేతి వంట?”

నవ్వాల్సిన చోటే ఏడుపొచ్చింది. ఏడుస్తూ, గడపలోనే నిలబడి, తినాలంటే భయమని చెప్పాను. బిడ్డ ఎదగడం లేదన్నారని చెప్పాను. ఇన్ని నెలలూ ఆ భయాన్ని కడుపులోనే పెట్టుకున్నాను, అక్కడ చోటు తక్కువైనా.

“బయమేటి? అన్నవేటి కరుత్తాదా?” అంది అక్క.

“నువ్వుండవే తల్లీ” అని పిన్నిగారు ఆవిణ్ణి ఆపి, నా చెయ్యి పట్టుకుంది. “తినమని అననులే. రేపు నా కంచం తెచ్చుకుని ఇక్కడే తింటాను. మా ఇంట్లో ఆయన టీవీ గోల.”

మర్నాడు అలాగే వచ్చింది. కిటికీ వైపు తిరిగి కూర్చుని, రోడ్డు మీద పోయే బస్సుల్ని తిడుతూ భోంచేసింది. నా కంచం వంక ఒక్కసారైనా చూడలేదు. ఇన్నేళ్ళలో నన్ను చూడకుండా నా పక్కన కూర్చున్న మొదటి మనిషి ఆవిడే. నాలుగు ముద్దలు తిన్నాను. వచ్చేవారం తోడొచ్చింది కూడా. డాక్టరమ్మకి ఈసారి నిజం చెప్పాను. ఆవిడ తిట్టలేదు. ఇది చాలామందికి వచ్చేదేనని చెప్పి, మనసుకి వైద్యం చేసే డాక్టరు దగ్గరికి పంపింది. అక్కడికి పురుడయ్యేదాకా వెళ్ళాను, ఇప్పటికీ వెళ్తున్నాను.

మా ఆయనకీ చెప్పాను. “లారీలో ఎక్కువుంటే ఆపీమన్నారు. తక్కువుంటే ఏటి సెయ్యాలో మాకెవులూ సెప్పనేదు” అన్నాడు. మంచం కింది కాటాని తనే పట్టుకుపోయాడు. ఎక్కడికని నేను అడగలేదు.

ఆ ఒక్క రోజుతో నేను మారిపోయానని రాస్తే కథ బాగుంటుంది, కానీ అలా జరగలేదు. పిన్నిగారు కంచం తీసుకుని మెట్లు దిగాక ఇల్లు మళ్ళీ నిశ్శబ్దమైపోయేది. కొన్ని రోజులు నేను గెలిచాను, కొన్ని రోజులు ఆ భయం గెలిచింది. దానితో ఒంటరిగా కూర్చోవడం ఎలాగో ఎవరూ నేర్పలేరు. పక్క గదిలో ఎవరైనా ఉన్నారని తెలిస్తే కొంచెం నయం, అంతే.

అమ్మాయి పుట్టింది. నర్సు దాన్ని తుడిచి కాటా మీద పెట్టింది. కళ్ళు మూసుకున్నాను. కాటా మీది అంకె ఎక్కువగా ఉండాలని నేను కోరుకోవడం జీవితంలో అదే మొదటిసారి. “కొంచెం తక్కువే గానీ గట్టిపిల్ల” అంది నర్సు. అప్పుడే అది నర్సు మీద అరిచింది. అంత ఒంట్లోంచి అంత గొంతు!

పాపకి మూడో నెల వచ్చాక ఒక మధ్యాహ్నం అత్తమ్మ వీడియో కాల్. పాపని చూసింది, ముద్దు చేసింది, తర్వాత అసలు సంగతికొచ్చింది.

“ఏటమ్మా, ఇంకా పొట్ట తగ్గనేదా? ఫోను దూరంగా ఎట్టు. పక్కకి తిరుగు, సూద్దాం.”

నా ముందు పిన్నిగారి గిన్నె ఉంది. బొటనవేలి నొక్కులతో నిండుగా.

“ఈసారి ముందు మీరు తిరగండత్తమ్మా. మిమ్మల్ని నిలువునా చూసి ఎన్నాళ్ళయిందో” అన్నాను.

ఆవిడ పకపకా నవ్వింది. “నన్నేటే, ముసల్దాన్ని!” అంటూనే ఫోను బీరువాకి ఆనించి, వెనక్కి జరిగి, పక్కకి తిరిగింది. తిరుగుతూ గట్టిగా ఊపిరి లోపలికి లాగి పొట్ట బిగబట్టింది. ఆ ఊపిరి నాకు బాగా తెలుసు. వీడియో కాల్ వచ్చిన ప్రతి వారం నేను పట్టిందే. ఈవిడ ఎవరి ముందు, ఎన్నేళ్ళుగా పడుతోందో.

“ఎలాగున్నాను? లావైనానేటి?” అంది, పెదవులు కదిలీ కదలకుండా.

జాలేసింది. వెంటనే జవాబు చెప్పేద్దామనే అనుకున్నాను. కానీ అప్పటికే సున్నుండ తీసి, విరవకుండా, మొత్తం నోట్లో పెట్టుకున్నాను. సున్నుండ నోట్లో ఉండగా మాట్లాడితే పొలమారుతుంది. ఒక్క నిమిషం అని చేత్తో సైగ చేసి, తొందరపడకుండా, అంగిలికి అంటుకున్న పిండి కూడా కరిగేదాకా నమిలాను.

ఆవిడ అలాగే నిలబడి ఉంది.