సగం దారిలో పొద్దుగూకితే

రంజాన్ నెలలో ఒక సాయంత్రం వ్యానులో దుబాయ్ నుంచి తూర్పు తీరాన ఉన్న ఖోర్ ఫక్కాన్ ఊరికి వెళ్తున్నాను. పక్కసీట్లో ఒక పెద్దావిడ. ఇళ్లల్లో వంట చేస్తుందట, మాటలో గోదావరి యాస. ఒళ్లో ఖర్జూరాల డబ్బా పెట్టుకుని, ఉపవాసం విడిచే వేళ కోసం చూస్తోంది. సూర్యుడు కొండల చాటున ఎక్కడున్నాడో తెలియడం లేదు.

"బాబూ, దుబాయ్‌లో ఆరున్నరకంట. ఖోర్ ఫక్కాన్‌లో పొద్దు ముందే గూకుతాది, ఆరూ ఇరవయ్యారుకే. మనం ఏ టైము పట్టాలి?"

ఒకే దేశంలో ఊరికో వేళ ఉంటుందని నాకప్పటిదాకా తెలియదు. ఫోనులో దారి చూశాను.

"సగం వచ్చామండీ. ఆరూ ఇరవయ్యెనిమిది అనుకోండి."

"అనుకుంటే చాలదు నాయనా. పొద్దున్నుంచీ మంచినీళ్లు ముట్టలేదు, తొందరపడి పాడుచేసుకోను. ఆరున్నరే!"

ఆ చివరి రెండు నిమిషాలూ ఇద్దరం ఫోను వంకే చూస్తూ కూర్చున్నాం. ఉపవాసం లేని నాకూ నోరెండిపోయింది. ఆరున్నర కాగానే ఆవిడ డబ్బా తెరిచి, మొదటి పండు నా చేతిలో పెట్టింది.

"ముందు మీరు తినండి."

"నాతోపాటు కాసుకున్నావుగా, ఇద్దరం ఒకేసారి!" అని పకపకా నవ్వింది.

ఇప్పుడు రంజాన్‌లో ఏ ఊళ్లో ఉన్నా, ఆ ఊరి వేళ కనుక్కుని, అదయ్యాకే సాయంత్రం టీ తాగుతాను.