గుండ్లు వాళ్ళకు, బద్దలు మాకు

పోయిన నెల ఒక ఆదివారం మా అన్న కొడుకు కె.ఆర్.పురం నుంచి వచ్చి, చెప్పులు కూడా విప్పకముందే తాను కొత్తగా పెట్టిన చిరుతిళ్ళ వ్యాపారం ప్యాకెట్ ఒకటి నా చేతిలో పెట్టాడు. గోధుమరంగు కాగితం సంచి, లోపలి సరుకు కనబడేటట్టు మధ్యలో చిన్న ప్లాస్టిక్ కిటికీ, పైన బంగారు రంగు అక్షరాలు. కత్తెరతో మూల కత్తిరించానో లేదో, ముందు కాగిన బెల్లం వాసన వచ్చింది, దాని వెనకే ఎండుమిరప ఘాటు, ఆ రెండింటి అడుగున వేగిన చెనిక్కాయ, అంటే వేరుశనగ, కమ్మదనం. అబద్ధమెందుకు చెప్పాలి, ఒక్క క్షణం నేను నా వంటింట్లో లేను, యలహంక పాతూళ్ళో మా పెంకుటింటి వెనక వాకిట్లో, పొయ్యి ముందర గొంతుక్కూచుని ఉన్నాను. అంతలో వాడు నోరు తెరిచి అంతా చెడగొట్టాడు.

“అచ్చం అవ్వ చేసినట్టే ఉండాదన్నాడు అత్తా, నాన్న. ఆమె ఫొటో నీ దగ్గర ఒక్కటే ఉందంట కదా. ఇస్తే స్కాన్ చేసి ప్యాకెట్ మీద వేసుకుంటాం. బ్రాండ్‌కి ఒక స్టోరీ ఉంటే బాగుంటుంది.”

వాడు చెప్పే అవ్వ మా నాయన తల్లి, నన్ను పెంచిన మనిషి. వీడు పుట్టేటప్పటికే ఆమె లేదు. ప్యాకెట్ తిప్పి చూశాను. వెనక గొప్పగా అచ్చేసి ఉంది: అన్నీ ఏరిన గుండ్లే, ఒక్క బద్ద కూడా ఉండదు. గుండు అంటే విడిపోని పూర్తి గింజ. బద్ద అంటే రెండుగా విడిపోతే మిగిలే సగం. ఆ ఒక్క వాక్యం చదివేసరికి నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

“మరి విరిగిన బద్దలేం చేస్తారు?” అన్నాను.

“పక్కకు ఏరేస్తారు. చట్నీపొడికి పోతాయి.”

“ఏరేదెవరు?”

“లేడీసే అత్తా. వాళ్ళైతే నీట్‌గా ఏరతారు.”

బాగుంది. కాలం మారిందని చెప్పేవాళ్ళెవరైనా ఉంటే ఒకసారి మా ఇంటికి రండి, కూర్చుని మాట్లాడుకుందాం. ఫొటో సంగతి తర్వాత చెప్తానని వాణ్ణి పంపించాను గానీ, ఆ రోజంతా గిన్నెలు నేను పెట్టిన చోట చప్పుడు కాకుండా కూర్చోలేదు.

మా చిన్నప్పుడు బెంగళూరు చలి ఇప్పటిలాగా పేరుకు మాత్రమే ఉండేది కాదు. కార్తీకం వచ్చిందంటే బడిగంట కొట్టే వేళకు కూడా యలహంకలో మంచు విడిచేది కాదు, మాట్లాడితే నోట్లోంచి పొగ వచ్చేది, ఆ మంచులో కంటికి కనబడని విమానమేదో ఎయిర్‌బేస్ నుంచి లేచి మా ఇంటి పెంకుల్ని గడగడలాడించి పోయేది. సరిగ్గా ఆ రోజుల్లోనే హిందూపురం అవతలి మా ఊరి నుంచి, బస్సు మీదెక్కి, చెనిక్కాయల మూట దిగేది. మూతి విప్పితే ఎర్రమట్టి వాసన ఇల్లంతా పరుచుకునేది. వాకిట్లో ఎండబోసి, కాకుల్ని తోలి, గలగలమని మోగేదాకా ఎండనిచ్చి, ఆ తర్వాత వారమంతా ఒలవడమే. అవ్వ, అమ్మ, పెద్దమ్మ, నేను, నా చెల్లెలు. బొటనవేలి గోరు కింద డొల్ల గుచ్చుకుని చీము పట్టేది, వేళ్ళ చివర తోలు లేచిపోయేది, అన్నం కలుపుకుంటే కారం తగిలి మంట. మా అన్న, పెదనాయన కొడుకులు వీధి చివర క్రికెట్ ఆడుతుండేవాళ్ళు. పెదనాయన, మా నాయన పీణ్యలో ఫ్యాక్టరీ పని నుంచి వచ్చి, కాళ్ళు కడుక్కుని, కాఫీ తాగుతూ “ఇంకా అయిపోలేదా?” అని అడిగేవాళ్ళు. అడగడం కూడా ఒక పనే కదా మరి.

వేయించే రోజు అవ్వ మొహం పరీక్ష రాసేవాళ్ళ మొహంలా బిగుసుకుపోయేది. గింజల మీద ఉప్పునీళ్ళు చిలకరించి చాటలో ఆరబోసి, రంపపుపొట్టు పొయ్యి మీద ఇనప బాణలి పెట్టి, దాన్నిండా ఇసుక పోసేది. ఏటి ఇసుకే, కానీ ఏళ్ళ తరబడి అదే ఇసుక కాగి కాగి టీపొడి రంగుకు తిరిగి ఉండేది. కొత్త ఇసుకకు వేడి నిలవదని అవ్వ వాదన, అందుకే దాన్ని పాత నూనె డబ్బాలో మూతేసి అటక మీద బంగారంలాగా దాచేది. ఆ ఇసుక బాగా కాగాక గింజలు పోసి కొయ్య తెడ్డుతో తిప్పుతుంటే, మొదట ఏ చప్పుడూ ఉండదు, తర్వాత ఒకటీ అరా చిటుక్కుమంటాయి, తర్వాత వానచినుకుల్లా మొదలయి, మళ్ళీ సద్దుమణుగుతాయి. ఆ సద్దుమణిగే క్షణమే అదును. జల్లెడలో పోస్తే ఇసుక కిందికి, వేగిన గింజలు పైకి. వాటిని గోనెపట్ట మీద పరిచి, పైన ఇంకో గోనెపట్ట కప్పి, అరచేతులతో రుద్దితే ఎర్రపొట్టు ఊడి, కొన్ని గుండ్లుగా నిలిచేవి, కొన్ని బద్దలుగా విడిపోయేవి. ఈలోపు అమ్మ బెల్లం పాకం పట్టేది, నీళ్ళలో వేస్తే మెత్తటి ఉండ కావాలి. పెద్దమ్మ రోట్లో రంగుకు బ్యాడగి మిరపకాయలు, మంటకు మా ఊరి మిరపకాయలు, తెల్లగడ్డ, జీలకర్ర, ఉప్పు కచ్చాపచ్చాగా దంచేది. పాకంలో గింజలు, గింజల మీద కారం, పైన గలగలలాడే కరివేపాకు. నూనె రాసిన ఇత్తడి తాంబాళంలో కుమ్మరించగానే మా వంతు, అంటే ఆడపిల్లల వంతు. వేడి ఆరిందంటే అంతా ఒకే ముద్దగా గడ్డకడుతుంది కాబట్టి, కాలుతుండగానే ఒక్కొక్క గింజా విడదీయాలి. వేళ్ళు కాలి, చెవితమ్మెలు పట్టుకుని ఊదుకుంటూ విడదీసేవాళ్ళం.

ఇక పంపకం. గుండ్లన్నీ ఒక పక్క, బద్దలన్నీ ఒక పక్క ఏరాలి. గుండ్లు పెదనాయనకు, మా నాయనకు, మగపిల్లలకు, పీణ్య స్నేహితులకు పంపే డబ్బాల్లోకి, ఇంటికొచ్చే చుట్టాలకు. బద్దలు ఆడవాళ్ళకు. ఇది ఎవరు పెట్టిన చట్టమో నాకు తెలీదు, ఎవరూ గట్టిగా చెప్పినట్టు కూడా గుర్తులేదు. చెప్పక్కర్లేకుండా జరిగిపోయేవే అసలైన చట్టాలు. నాకప్పుడు పదో పదకొండో ఏళ్ళు. కాలిన వేళ్ళతో పోయి పెదనాయన ముందర నిలబడ్డాను.

“ఒలిచింది నేను, ఏరింది నేను. నాకెందుకు గుండ్లు లేవు?”

ఆయన మంచివాడే, కోప్పడలేదు, నవ్వాడు. “బద్దయితే ఏమి, గుండయితే ఏమి పాపా? కడుపులోకి పోతే రెండూ ఒకటే కదా.”

“అట్లయితే మార్చుకుందాం రా,” అన్నాను.

అమ్మ నా తొడ మీద పెట్టిన గిచ్చు వారం రోజులు నీలంగా ఉండింది. కానీ న్యాయం గిచ్చితే పోతుందా? ఆయన చేతులు కడుక్కోడానికి లేచిన అదునులో ఆయన స్టీలు గిన్నెలోంచి గుప్పెడు గుండ్లు తీసుకుని, వెనక వాకిట్లోకి పరిగెత్తి, నోట్లో వేసుకుని కొరికాను. పైనున్న బెల్లం పెచ్చు టప్పున ఊడి పళ్ళకు అతుక్కుంది. లోపల ఉత్త చెనిక్కాయ. చప్పగా, నూనె నూనెగా. ఇంకొకటి కొరికాను, అదీ అంతే. ఇంతకాలం దీనికోసమా నేను ఏడ్చింది?

అవ్వ నన్నే చూస్తోంది, పొయ్యి బూడిద ఎత్తుతూ. ఏం అడగాలో నాకు తెలిసేలోపే పక్కన కూర్చోబెట్టుకుని, ఒక బద్ద నా అరచేతిలో వెల్లకిలా పెట్టింది. లోపలి ముఖం మీద చిన్న గుంట, ఆ గుంటనిండా పాకం, పాకంలో ఇరుక్కుని కారం, తెల్లగడ్డ తునక. నోట్లో వేసుకుంటే తీపి, కారం, ఉప్పు ఒకేసారి నాలుక మీద పడ్డాయి.

“మరి పెదనాయనకు చెప్పలేదెందుకవ్వా?”

“నోరు మూసుకోని తినుమ్మే. బద్దలే బాగుంటాయని ఆ యప్పకు తెలిసిందనుకో, రేపట్నించి అవి గూడా మనకుండవు.”

ఆ తర్వాత నుంచి నేను గోనెపట్ట దగ్గరే కాపు కాశాను. అప్పుడు తెలిసింది. పొట్టు ఊడటానికి అరచేతి ఒత్తిడి చాలు. అవ్వ మాత్రం మోకాళ్ళ మీద లేచి, ఒళ్ళంతా చేతుల మీదికి దించి, పళ్ళు బిగబట్టి రుద్దేది. గోనెపట్ట కింద గింజలు పటపటా విడిపోయేవి. ఒక ఏడాది పెదనాయన గిన్నెలోకి చూసుకుని, “ఏందిమ్మా, ఈ తూరి గుండ్లు ఇంత తక్కువుండాయి?” అన్నాడు. అవ్వ తల ఎత్తకుండా, “ఏం చేసేదప్పా, పంటే అట్ల ఉండాది. వానలు సరిగ్గా లేవు కదా,” అంది. పెద్దమ్మకు దగ్గొచ్చి లోపలికి పోయింది. అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

ఈ కథ చెప్తే అందరూ నవ్వుతారు, అవ్వ ఎంత గడుసుదని మెచ్చుకుంటారు. నాకు నవ్వు రాదు. తన చేత్తో వేయించిన గింజల్లో తన మనవరాళ్ళకు మంచి పిడికెడు పెట్టడానికి ఒక ముసలామె వాన మీద అబద్ధం చెప్పాల్సి వచ్చింది. అందులో గడుసుతనం కంటే నాకు ఆమె బిగబట్టిన పళ్ళే ఎక్కువ కనబడతాయి.

ఇప్పుడా ఇల్లు లేదు, ఆ జాగాలో నాలుగంతస్తులు లేచాయి. అటక మీది ఇసుక డబ్బా, ఇల్లు కొట్టేటప్పుడు, ఏ గుంతలోకో పోయింది. టీపొడి రంగు ఇసుకను చూసి అది వంటసామాను అని ఏ మేస్త్రీ అనుకుంటాడు? అయినా పట్టుబట్టి, మేనల్లుడు వచ్చిపోయిన మరుసటి ఆదివారం, కల్లుప్పులో వేయించి, టర్కీ టవల్‌లో వేసి మోకాళ్ళ మీద లేచి రుద్ది, బద్దలతోనే చేశాను. మా చెల్లెలు వచ్చి ఒక బద్ద నోట్లో వేసుకుని కళ్ళు మూసుకుంది. మా అన్నను కూడా పిలిచాను. తిన్నాడు. మళ్ళీ తీసుకున్నాడు. మూడోసారి గిన్నె దగ్గరకు లాక్కున్నాడు.

“బాగుండాది. శానా బాగుండాది,” అన్నాడు వేళ్ళు నాక్కుంటూ. “కానీ ఇది అవ్వ చేసేది కాదే.”

“కాదులే అన్నా,” అన్నాను. “అవ్వ నీకు చేసింది ఇది కాదు.”

ఆయన నా మొహం చూశాడు, చెల్లెలి మొహం చూశాడు, గిన్నెలోకి చూసుకున్నాడు. నమలడం మాత్రం ఆపలేదు.

ఫొటో ఇవ్వలేదు. ప్యాకెట్ల మీద ఇప్పుడొక బొమ్మ అవ్వ వచ్చింది, తెల్లటి ముడి, గుండ్రటి కళ్ళజోడు, చేతిలో గరిటె, చెవుల దాకా నవ్వు. మా అవ్వ పొయ్యి దగ్గర ఎన్నడూ నవ్వి ఎరగదు. ఇసుక పోయింది, రంపపుపొట్టు పొయ్యి పోయింది, పెంకుల్ని వణికించే ఆ మంచు పొద్దులు పోయాయి, గోనెపట్ట మీద ఒళ్ళు దించిన మనిషి ఎప్పుడో పోయింది. అవ్వ చేతి బద్దల రుచి తెలిసిన నోళ్ళు ఇక రెండే మిగిలాయి, నాదీ మా చెల్లెలిదీ. అవి మాత్రం ఎవరు మూసుకోమన్నా ఇప్పుడు మూసుకోవు.