బస్రా అని చూపించిన రేవు

రంగూన్ రేవు పక్క పేట బోటాటౌంగ్‌లో పుట్టి పెరిగిన తాయారమ్మకు డెబ్బై ఎనిమిదేళ్లు. ఆమెను పెంచింది నానమ్మ అప్పలమ్మ. తాత బుల్లియ్య ఆ రేవులోనే కూలీ. మొదటి ప్రపంచయుద్ధం నాడు దొరలు కూలీలను ఓడలెక్కించి ఇరాక్‌లోని బస్రాకు పంపినప్పుడు వెళ్లినవాడు, మళ్లీ రాలేదు.

తోటి కూలీ దండాసి మాత్రం తిరిగొచ్చాడు.

"వదినా, అన్న ఓడలోనే జొరంతో పోనాడు. సముద్రంలో ఇడిసీసినారు" అని గుమ్మంలో నిలబడి ఏడ్చాడు.

అప్పలమ్మ చీపురు తీసింది. "అబద్దాలాడకు! మొన్ననే సినిమా డేరాలో నా కళ్లతో సూసినాను. బస్రాలో మూట మోస్తా నవ్వతన్నాడు."

ఆ కాలపు యుద్ధవార్తల బొమ్మలకు మాటలు లేవు. తెరమీది ఇంగ్లీషు ముక్కలను సర్కారు దుబాసీ తెలుగులో చదివేవాడు. 'బస్రాలో మన కూలీలు కులాసా' అని ఆయన చదివితే అప్పలమ్మ నమ్మింది. కన్నుమూసేదాకా బొట్టు తీయలేదు, కర్మకాండ జరపనివ్వలేదు. దండాసి ఇంటితో మాటలు తెగిపోయాయి. తాయారమ్మ కూడా ఆ ఇంటివాళ్లు ఎదురైతే మొహం తిప్పుకునే పెరిగింది.

ఈ ఏడు రంగూన్ నడిబొడ్డున చౌక్తడాలో పాత వార్తాచిత్రాలు వేస్తున్నారంటే తాతను చూద్దామని వెళ్లింది. మూటతో నవ్వుతున్న ఒకడిది అచ్చం తన తండ్రి మొహమే. చేతులు జోడించింది. అప్పట్లో కోసి పక్కన పడేసిన ఫిల్ము ముక్క కూడా దొరికిందని, దాన్నీ కలిపి వేశారు. అందులో టోపీ దొర ఒకడు వేళ్లతో పెదాలు సాగదీసి, కూలీలకు ఎలా నవ్వాలో చూపిస్తున్నాడు. బొమ్మ పక్కకు జరిగింది. వాళ్ల వెనక బోటాటౌంగ్ పగోడా, ఇంకా ఎవరూ ఎక్కని ఓడ.

అది బస్రా కాదు, తమ రేవే. ఓడెక్కకముందు తీసిన నవ్వును, మనిషి పోయాక తెచ్చి పెళ్లానికి చూపించారు!

అక్కణ్నుంచి తిన్నగా దండాసి మనవరాలు మల్లిక ఇంటికి వెళ్లింది. ఆ గడప తొక్కడం అదే మొదలు.

"మీ తాత నిజమే సెప్పినాడమ్మా. మేమే ఆయన్ని దొంగని సేసినాం."

మల్లిక ఆమెను కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చింది. "మా తాత ఏటేటా ఏట్లోకి దిగి మీ తాతకి నీళ్లొదిలీవోడు పెద్దమ్మా. ఇంటోళ్లు ఒదల్రు కదా అనీవోడు."

"తిట్టుకుందామంటే ఆ బొమ్మ తీసినోడి పేరైనా తెలీదే" అంటూ తాయారమ్మ గ్లాసు కింద పెట్టేసింది.