ఒబియోరా నేర్చుకున్న ‘అయ్యో’

ఒబియోరా నైజీరియాలో బాస్కెట్‌బాల్ ఆడేవాడు. ఆ ఆటతోనే టెక్సస్‌లో కాలేజీ సీటు దొరికింది. ఇక్కడ ఎవరో అతని భుజాలు చూసి అమెరికన్ ఫుట్‌బాల్‌లోకి లాగారు. గుడ్డులాంటి ఆ బంతిని అంతకుముందు అతను ముట్టుకోనైనా లేదు. బంతి విసిరేవాణ్ణి పడగొట్టడం అతని పని. అది చక్కగా చేసేవాడు.

నేను అతన్ని మొదట చూసింది ఒక ప్రొఫెషనల్ జట్టు సెలక్షన్స్‌లో. టెక్సస్‌లోనే ఇర్వింగ్ అనే ఊరి నుంచి రోజూ డ్రైవ్ చేసుకుంటూ వెళ్లి ఆ జట్టులో ఫిజియోథెరపిస్ట్‌గా పనిచేస్తాను. ఒబియోరా ఒకణ్ణి పడగొట్టాడు, వంగి "సారీ" అన్నాడు. ఇంకొకణ్ణి పడగొట్టాడు. మళ్లీ "సారీ".

కోచ్ మండిపడ్డాడు. "నువ్వేమైనా తప్పు చేశావా? సారీ ఎందుకు?"

"అతను పడ్డాడు కదా, కోచ్," అన్నాడు ఒబియోరా.

వాళ్ల ఊళ్లో ఎవరు కాలుజారి పడినా, తమ తప్పు లేకపోయినా, చూసినవాళ్లు సారీ అంటారట. అది క్షమాపణ కాదు, మనం అనే ‘అయ్యో’ లాంటిది. కోచ్‌కి చెప్పి చూశాను. ఆయన వింటేగా! ఇంత మెత్తనివాడు పనికిరాడని, మర్నాడు కూడా సారీ వినిపిస్తే పంపించేస్తానని తేల్చేశాడు. నాకు ఒళ్లు మండింది. ఒబియోరాకి మన మాటే నేర్పాను.

మర్నాడు మైదానంలో "అయ్యో!" అని వినిపించింది.

"అదేంటి, యుద్ధకేకా?" అన్నాడు కోచ్ మురిసిపోతూ.

"అలాంటిదే," అన్నాను. ఒబియోరాని జట్టులోకి తీసుకున్నారు.

ఇప్పుడు అతను ఎవరినైనా పడగొడితే స్టేడియం మొత్తం పిడికిళ్లెత్తి "అయ్యో!" అని అరుస్తుంది. ఆ హోరులో ఒబియోరా ఒక్కడే, పడినవాడి మీదికి వంగి, ఆ మాట మెల్లగా అంటాడు.