పులిహోర గిన్నె తెచ్చినాయన

ఈ మాట ఏళ్ల తరబడి నా గొంతులోనే ఉండిపోయింది. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నాను.

ఐర్లండ్‌లో మాంద్యం రోజులవి. వేరే ఊళ్లో మా ఆయనకి మందుల ఫ్యాక్టరీ ఉద్యోగం పోయాక మేం అత్లోన్ అనే ఊరికి వచ్చాం. ఆయన ఒక్కరోజు కూడా దిగులుగా కూర్చోలేదు. పుట్టగొడుగుల ఫారంలో కోత పనికి చేరారు. ఎప్పుడూ తడి, ఎరువు వాసన, వంగి వంగి పట్టేసిన నడుం. మేం మాత్రం ఎవరి ముందూ చెయ్యి చాపలేదు, మా పాపని ఒక్క పూట పస్తు పెట్టలేదు. ఈ సంగతి ఇప్పుడు తలెత్తుకుని చెబుతాను. అప్పుడెందుకు చెప్పలేకపోయాను? అక్కడి తెలుగు ఆడవాళ్లంతా ఇంజనీర్ల భార్యలు. వాళ్లెవరూ ఆయన్ని చూడలేదు కదా అని, మా ఆయన సూపర్‌వైజర్ అని చెప్పేశాను.

శ్రావణ శుక్రవారం ఒకావిడ ఇంట్లో పేరంటం. హడావిడిలో పులిహోర గిన్నె ఇంట్లో మరిచిపోయాను. పొద్దున పనికి వెళ్లేముందు ఆ పులిహోర కలిపింది ఆయనే. పని నుంచి వచ్చి గిన్నె చూసి, పేరంటం అయిపోతుందేమోనని బట్టలైనా మార్చుకోకుండా తెచ్చారు. తలుపు తీసిన ఇంటావిడ నావైపు తిరిగింది.

"ఎవరండీ ఈయన?"

"మా పక్కింట్లో అద్దెకుంటాడండీ. కూలి పని. కాస్త తెచ్చిపెట్టమన్నాను."

ఆయన విన్నారు. గుమ్మం అవతలే నిలబడి గిన్నె అందించారు. "గ్రాండ్, మేడమ్" అని, అక్కడివాళ్లు సరేననే తీరులో, తెలుగు రానివాడిలా ఇంగ్లీషులో అని వెళ్లిపోయారు. నా పరువు కాపాడటానికే అలా అన్నారు.

తర్వాత ఇంటావిడ నన్ను కూర్చోబెట్టి కాళ్లకు పసుపు రాసింది. మీ ఆయనా మీరూ చల్లగా ఉండాలంటూ వాయనం ఇచ్చింది. ఎవరి వల్ల నాకా మర్యాద? ఎవరిని గుమ్మం బయట నుంచే పంపేశాను? కాళ్లు వెనక్కి తీసుకోలేదు నేను. సిగ్గు వల్ల అబద్ధమాడానని చాలాకాలం సర్దిచెప్పుకున్నాను. కాదు, అది గర్వమే, కాకపోతే ఎవరిని చూసి గర్వపడాలో తెలియని గర్వం.

ఇంటికి వెళ్తే ఆయన ఒక్కటే అడిగారు, "పులిహోర అందరికీ సరిపోయిందా?"

సరిపోయిందన్నాను.

ఇంతవరకూ క్షమించమని అడగలేదు. అడిగితే నవ్వేస్తారు. అంత తేలిగ్గా బయటపడే అర్హత నాకు లేదు. కానీ ఆ రోజు ఇంటావిడ అడిగినదానికి నిజం చెప్పాలి, కనీసం మీకైనా.

మా ఆయనండీ. పుట్టగొడుగులు కోస్తారు.