పామిడి పక్క రాకాసి గూళ్ళు

స్టాంజిన్‌ది లదాఖ్. రెండేళ్ళ కిందట అక్కడి పురావస్తు తవ్వకాల్లో బొమ్మలు గీసే పనికి నేను వెళ్ళినప్పుడు ఆమెదీ నాదీ ఒకే గుడారం. ఆ మంచునేల మీద వేల ఏళ్ళ కిందట బతికిన మనుషుల సమాధులు వెతకడం ఆమె ఉద్యోగం. నాలుగు బండలు నిలబెట్టి, పైన ఇంకో బండ మూతగా కప్పిన రాతిపెట్టెలు అవి. "మా అనంతపురంలోనూ ఇలాంటివే ఉన్నాయి, రాకాసి గూళ్ళంటారు" అన్నాను ఒకరోజు. ఆమె నవ్వేసింది. ఈ ఫిబ్రవరిలో మాత్రం వాటిని చూడటానికి నిజంగానే దిగింది.

పొద్దున ఆరున్నరకు అనంతపురంలో పామిడి వైపు వెళ్ళే బస్సెక్కాం. ఆడవాళ్ళకు టికెట్ లేదు కదా అని స్టాంజిన్ కూడా ధీమాగా ఆధార్ చూపించింది. కండక్టరు దాన్ని అటూ ఇటూ తిప్పాడు.

"ఇది మన రాష్ట్రానిది కాదమ్మా. ఈమెకు టికెట్ కొట్టల్ల."

పక్క సీటు పెద్దామె చేటలో చింతపండు సర్దుకుంటూ, "యా దేశమమ్మా ఈ పిల్లది?" అని అడిగింది. మన దేశమే, పైన మంచు కొండల్లో అన్నాను. "అంత చల్లని ఊరు ఇడిసిపెట్టి ఈ ఎండల్లోకి ఏం చూసేకి వచ్చినాదో!" అని స్టాంజిన్ చేతిలో రెండు చింతపండు రెబ్బలు పెట్టింది.

పామిడిలో ఉగ్గాని, బజ్జి తిన్నాం. మరమరాలు నానబెట్టి తాలింపు వేస్తారని చెబితే స్టాంజిన్ ఇంకో ప్లేటు తెప్పించుకుంది. అక్కడి నుంచి ఆటోలో అరగంట. ఊరి పేరు కావాలనే రాయడం లేదు. నిధులున్నాయని ఈ గూళ్ళ కింద తవ్వే ముఠాలు ఇప్పటికీ తిరుగుతున్నాయి.

గూళ్ళు హుసేనప్ప అనే రైతు చేలో, ఇంటికి ఆనుకునే ఉన్నాయి. ముందే ఫోన్ చేసి చెప్పాను కాబట్టి ఆయన ఎదురొచ్చాడు. వస్తూనే చెప్పేశాడు.

"మంచి దినం వచ్చినారు లేమ్మా. మధ్యాన్నం మూడుకి జేసీబీ వస్తాండాది. ఈ రాళ్ళన్నీ తీసేస్తాండా."

"ఎందుకన్నా?"

"మూడు బోర్లు ఎండిపోయినాక నాలుగోదాంట్లో నీళ్ళు పడినాయి. చీనీ చెట్లు పెట్టల్ల. రాళ్ళ మధ్యన పైపులు యాడ లాగేది?"

బత్తాయి తోటకు ఇన్నాళ్ళకు నీళ్ళు దొరికిన మనిషిని తప్పు పట్టలేకపోయాను. స్టాంజిన్‌కు హిందీలో చెప్పాను. ఆమె చేను వైపు ఒకసారి చూసి, సంచిలోంచి టేపు తీసింది. తవ్వడానికి మాకు అనుమతి లేదు. కొలవచ్చు, గీయవచ్చు. ఆ పనిలో పడిపోయాం.

మొత్తం నాలుగు గూళ్ళు. రెండింటి పైబండలు ఎప్పుడో ఎవరి ఇళ్ళకో మెట్లయిపోయాయి. మూడోది నిండుగా ఉంది, ముందు బండకు మనిషి దూరేంత గుండ్రటి కంత. నాలుగోది తూర్పు గట్టు దగ్గర, మోకాలెత్తు కూడా లేదు. స్టాంజిన్ దాని ముందు కూర్చుని లేవలేదు.

హుసేనప్ప భార్య మాబున్నీ మజ్జిగ తెచ్చి, "ఏం చూస్తాండావమ్మా అంతసేపు?" అని అడిగింది. స్టాంజిన్ చెబుతుంటే నేను తెలుగులో చెప్పాను. లదాఖ్‌లో ఒక రాతిపెట్టె ఇంతే చిన్నగా ఉండింది. లోపల ఒక పసిబిడ్డ ఎముకలు, పక్కనే గొర్రెపిల్లవి. చలికాలంలో అక్కడ నేల ఇనుములా గడ్డకడుతుంది, గడ్డపార దిగదు. అందుకే నేల మీదే రాళ్ళతో గది కట్టి పడుకోబెట్టి ఉంటారని ఆమె అనుకుంటోంది.

మాబున్నీ ఖాళీ చెంబు పట్టుకుని నిలబడిపోయింది. తర్వాత నా చెయ్యి పట్టుకుని పక్కకు లాగింది.

"ఆ చిన్న గూడు పక్కన నా బిడ్డ ఉండాదమ్మా."

పద్దెనిమిదేళ్ళ కిందటి మాట. కరువు. ఊళ్ళో మగవాళ్ళందరూ బెంగళూరులో కట్టడం పనులకు పోయారు, హుసేనప్ప కూడా. మే నెలలో నెలలు నిండకుండానే పుట్టిన ఆడపిల్ల ఒక్క పూట బతికింది. ఊరి శ్మశానం గోరీలదొడ్డిలో అత్తాకోడళ్ళిద్దరూ పార వేసినా నేల పెగల్లేదు. నిధి దొంగలు తవ్వి వదిలేసిన చిన్న గూడు పక్కన మాత్రం మట్టి వదులుగా ఉంది.

"రాకాసి గూటికాడ పెట్టినామంటే తన కొడుకు తట్టుకోలేడని మా అత్త ఒట్టేయించుకున్యాది. గోరీలదొడ్డిలో పెట్టినామనే చెప్పినాము. అత్త పోయినా నాకు నోరు రాలేదు."

"మరి ఈ రోజు?"

"ఈ పొద్దు చెప్పకపోతే ఇంగెప్పుడు చెప్పల్ల?"

ఒంటిగంటకు అన్నం పెట్టింది. రాగి సంగటి, చెనక్కాయల ఊరుబిండి పచ్చడి. మేమున్నామని కూడా చూడకుండా, భర్తకు ముద్ద వడ్డిస్తూ చెప్పేసింది. హుసేనప్ప చెయ్యి ముద్ద మీదే ఆగిపోయింది.

"ఇన్నేండ్లు నాతో ఒక్క మాట చెప్పలేదే?"

ఆయన చెయ్యి కడుక్కుని బయటికి వెళ్ళాడు. కిటికీలోంచి చూస్తే గట్టు దగ్గర ఎండలో గొంతుక్కూర్చుని ఉన్నాడు, తువ్వాలు ముఖానికి అడ్డం పెట్టుకుని. కాసేపటికి మాబున్నీ వెళ్ళి పక్కన కూర్చుంది. ఏం మాట్లాడుకున్నారో మాకు వినబడలేదు.

మూడు దాటాక జేసీబీ వచ్చింది. గీయడం ముగిసిన మూడు గూళ్ళూ గంటలో నేలమట్టమయ్యాయి. కంత ఉన్న బండ పగిలినప్పుడు స్టాంజిన్ అటు తిరిగిపోయింది. డ్రైవరు బండిని తూర్పు గట్టుకు తిప్పబోతే హుసేనప్ప ఎదురుపోయి చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఏమన్నా, దీన్ని ఏల ఇడుస్తాండావు? ఒక సాలు చెట్లు పోతాయి కదా?"

"పోనీలేప్పా. ఆడ మా పాప ఉండాది."

డ్రైవరు ఇంజను ఆపేశాడు. దిగి, చెప్పులు విడిచి ఒక్క క్షణం నిలబడి, మళ్ళీ ఎక్కి బండిని వెనక్కు తీసుకున్నాడు.

అయిదున్నరకు పామిడిలో తిరుగు బస్సు దొరికింది. కిటికీ పక్కన ఎర్రమట్టి ముఖంతో కూర్చున్న స్టాంజిన్ అడిగింది.

"ఆ పాపకు పేరు పెట్టారా?"

"లేదట. ఒక్క పూటే కదా."

"మా దగ్గరి ఆ పసిబిడ్డ సమాధి గురించి రాసిన ప్రతిసారీ, 'ఆ కాలపు ప్రజలు కట్టారు' అని రాశాను" అంది. "ప్రజలెవరూ కట్టి ఉండరు. వాళ్ళమ్మ కట్టి ఉంటుంది."

నాలుగిట్లో మూడు పోయిన బాధ నాకు ఇప్పటికీ ఉంది. కొలతలున్నా అవి గూళ్ళు కావు. కానీ మంచుకు బిగిసిన నేలైనా, ఎండకు బిగిసిన నేలైనా, ఒక బిడ్డకు చోటు చేయడం కోసం ఎవరెలా అవస్థపడి ఉంటారో ఇన్ని తవ్వకాల్లో బొమ్మలు గీసినా నాకు తెలియలేదు. మాబున్నీ చెబితే తెలిసింది.